ముందే రాసుకున్న కుస్తీలో మోసం ఏంటసలు? (మాంట్రియల్, 1997)

ట్రంప్‌కార్డ్_97
రెజ్లింగ్‌లో ఎవరు గెలవాలో ముందే రాసుకుంటారని చిన్నపిల్లలకి కూడా తెలుసు. అలాంటప్పుడు 1997 నవంబర్ 9న కెనడాలోని మాంట్రియల్‌లో, డబ్ల్యూడబ్ల్యూఎఫ్ (ఇప్పటి డబ్ల్యూడబ్ల్యూఈ) షో సర్వైవర్ సిరీస్‌లో, కెనడా వాడైన చాంపియన్ బ్రెట్ హార్ట్‌ని మోసం చేశారని ఇన్నేళ్ళుగా ఈ గోల ఏంటి? రాసింది మార్చుకున్నారు, అంతేగా? సినిమాలో హీరో పాత్ర చచ్చిపోయిందని హీరో వెళ్ళి డైరెక్టర్‌ని గుద్దుతాడా? తెలిసినవాళ్ళు చెప్పండి. "నీకు అర్థం కాదులే" బాపతు జవాబులు వద్దు.

సగంజ్ఞాని
నీకు అర్థం కాదులే.

మూడోతాడు
సగంజ్ఞానీ, పేరు నిలబెట్టుకున్నావు.

ట్రంప్‌కార్డ్, నీ సినిమా పోలిక ఒక్కచోట తేడా కొడుతుంది. సినిమాలో తన పాత్ర చస్తుందని హీరోకి తెలుసు. ఇక్కడ ఆటగాడికి ఒక ముగింపు చెప్పి, లైవ్‌లో ఇంకో ముగింపు నడిపించారు. అది అవతలివాళ్ళకి తెలిసి ఇతనొక్కడికీ తెలియని ముగింపు.

చెప్పిన ముగింపు ఇది. మ్యాచ్ చివర్లో రిఫరీ ఎర్ల్ హెబ్నర్‌కి దెబ్బ తగిలి పడిపోవాలి. ఆ సందులో ఎదుటి ఆటగాడు షాన్ మైకేల్స్, బ్రెట్ సొంత లొంగుబాటు పట్టు షార్ప్‌షూటర్‌ని బ్రెట్ మీదే వేయాలి. బ్రెట్ దాన్ని తిప్పికొట్టాలి. తర్వాత బ్రెట్ వైపు నుంచి తమ్ముడు ఓవెన్ హార్ట్, బుల్‌డాగ్ వాళ్ళు, షాన్ వైపు నుంచి అతని ముఠా డీఎక్స్ వాళ్ళు రింగ్‌లోకి దూకి గందరగోళం చేయాలి. డిస్‌క్వాలిఫికేషన్, ఎవరూ ఓడరు, బెల్టు బ్రెట్ దగ్గరే. ఒకటి రెండు రోజుల్లో అతను మర్యాదగా బెల్టు అప్పగించి వెళ్ళిపోవాలి.

జరిగింది వేరు. రిఫరీ అనుకున్నదానికన్నా ముందే లేచాడు. షాన్ పట్టు వేశాడు. బ్రెట్ లొంగలేదు, చెయ్యి తట్టలేదు. అయినా హెబ్నర్ గంట కొట్టమని అరిచాడు, రింగ్ పక్కనే నిలబడ్డ కంపెనీ యజమాని విన్స్ మెక్‌మాన్ కూడా టైమ్‌కీపర్ మీద అదే అరుపు. గంట మోగింది, షాన్ పాట మొదలైంది. మ్యాచ్ మొత్తం పన్నెండు నిమిషాల పైచిలుకు.

గచ్చిబౌలి_గ్యాలరీ
గదే అసలు ముచ్చట. మనకాడ లాలూచీ కుస్తీ అంటరు చూడు, ఇద్దరు మాట్లాడుకొని పడుడు. ఇది లాలూచీ కుస్తీల లాలూచీ. రెండోనికి ఎరుక లేదు.

ట్రంప్‌కార్డ్_97
సరే, ముగింపు మార్చారు. కానీ కంపెనీ మెక్‌మాన్‌ది, బెల్టు కంపెనీది. ఓడిపోమంటే ఓడిపోవాలి కదా ఉద్యోగి? బ్రెట్ ఎందుకు మొండికేశాడు?

గంటమోగింది
ఆ ప్రశ్నకి 1996 నుంచి మొదలెట్టాలి.

1996 అక్టోబర్‌లో బ్రెట్ డబ్ల్యూడబ్ల్యూఎఫ్‌తో 20 ఏళ్ల కాంట్రాక్టు రాసుకున్నాడు. పోటీ కంపెనీ డబ్ల్యూసీడబ్ల్యూ చాలా పెద్ద డబ్బు చూపించినా వెళ్ళలేదు. ఏడాది తిరక్కుండానే మెక్‌మాన్ చేతులెత్తేశాడు: డబ్బులు కటకటగా ఉన్నాయి, ఈ కాంట్రాక్టు మోయలేను, అవతలివాళ్ళతో మాట్లాడుకో అని. అంటే బ్రెట్ కంపెనీని వదిలి పారిపోలేదు, యజమానే దారి చూపించాడు. 1997 నవంబర్ 1న అతను డబ్ల్యూసీడబ్ల్యూకి సై అన్నాడు. డిసెంబర్‌లో అక్కడికి.

అదే కాంట్రాక్టులో ఇంకో ముక్క ఉంది. వెళ్ళేముందు చివరి 30 రోజులు తన పాత్రని ఎలా చూపించాలో అందులో బ్రెట్‌కి సహేతుకమైన హక్కు. వీధిలో తరచూ ఈ ముక్క ఎగరగొట్టేసి కథ చెబుతారు. "ఉద్యోగి, యజమాని చెప్పింది చేయాలి" అన్న వాదన ఇక్కడ నిలవదు. యజమానే సంతకం పెట్టి ఇచ్చిన హక్కు అది.

పింకూ_నలుపూ
+1. పైగా బ్రెట్ ఓడనని అనలేదు. షాన్‌కి, కెనడా గడ్డ మీద ఓడనన్నాడు. ఇంకెవరికైనా, ఇంకెక్కడైనా సరే అన్నాడు. ఎందుకంటే షాన్ అతని మొహం మీదే, నువ్వైతే నాకు ఓడతావేమో, నేను మాత్రం నీకు ఓడను అన్నాడట. ఈ వృత్తిలో అంతకన్నా పెద్ద తిట్టు లేదు.

సగంజ్ఞాని
1997 మొత్తం బ్రెట్ అమెరికాలో విలన్, కెనడాలో దేవుడు. జూలైలో కాల్గరీలో జరిగిన షో చూడండి, జనం పైకప్పు లేచిపోయేలా అరిచారు. అలాంటివాడు మాంట్రియల్‌లో లొంగిపోతే ఆ పాత్ర అక్కడితో ఖతం. అందుకే మొండికేశాడు. మెక్‌మాన్‌కేమో జనం బ్రెట్‌ని అంత మోస్తున్నారు కాబట్టే అక్కడే దించాలనుంది. ఇద్దరి లెక్కా కరెక్టే, అదే చిక్కు.

కండరగండడు
బ్రెట్ భక్తులకి ఒక్క మాట. మెక్‌మాన్ భయం ఉత్తిదేం కాదు.

1995 సెప్టెంబర్ 4న డబ్ల్యూసీడబ్ల్యూ వారపు టీవీ షో నైట్రో మొదటి ఎపిసోడ్‌లో లెక్స్ లూగర్ నడుచుకుంటూ వచ్చేశాడు. ముందు రోజు దాకా డబ్ల్యూడబ్ల్యూఎఫ్ షోల్లో ఆడినవాడు. అదే ఏడాది డిసెంబర్ 18న మడూసా, డబ్ల్యూడబ్ల్యూఎఫ్ మహిళల బెల్టుని నైట్రో లైవ్‌లో చెత్తడబ్బాలో పడేసింది. ఇప్పుడు మెయిన్ చాంపియనే బెల్టు ఉండగా అవతల సంతకం పెట్టాడు. నైట్రోలో డబ్ల్యూసీడబ్ల్యూ బాసు ఎరిక్ బిషాఫ్ మైకు పట్టుకుని "మీ చాంపియన్ మావాడే" అంటే మరుసటి రోజు నుంచి ఆ బెల్టుకి విలువేం ఉంటుంది?

పింకూ_నలుపూ
@కండరగండడు మడూసా కథ నిజమే. కానీ ఆమెని కంపెనీయే వదిలేసింది, బెల్టు వెనక్కి తీసుకోవడం మర్చిపోయింది. తాళం వేయడం మర్చిపోయి దొంగని తిడితే ఎలా? బ్రెట్ 14 ఏళ్లు అక్కడే ఆడాడు, బెల్టు చెత్తలో వేసే రకం కాదు.

కండరగండడు
రకం చూసి వ్యాపారం చేయరు గురూ. 1991లో డబ్ల్యూసీడబ్ల్యూ చాంపియన్ రిక్ ఫ్లెయిర్ కూడా ఆ రకం కాదనే అనుకున్నారు. బెల్టుకి కట్టిన 25,000 డాలర్ల డిపాజిట్ తిరిగివ్వలేదని బెల్టు భుజాన వేసుకుని డబ్ల్యూడబ్ల్యూఎఫ్ టీవీలో కనిపించాడు. డబ్ల్యూసీడబ్ల్యూ కోర్టుకెక్కాక ఆ బెల్టుని తెర మీద మసకబార్చి చూపించాల్సి వచ్చింది. అప్పుడు లాభపడిందెవరు? ఇదే మెక్‌మాన్. ఆ ఆట ఎలా ఆడతారో తెలిసినవాడు కాబట్టే భయపడ్డాడు.

గచ్చిబౌలి_గ్యాలరీ
దొంగకి దొంగబుద్ధి ఎరుకే అంటవ్.

కండరగండడు
అంతే 😄

ట్రంప్‌కార్డ్_97
ఇది ఆసక్తిగా ఉంది. కానీ బ్రెట్ అంత అనుభవం ఉన్నవాడు, అనుమానం రాలేదా? పట్టు పడకుండా చూసుకోవచ్చుగా?

మూడోతాడు
అనుమానం వచ్చింది. రిఫరీని విడిగా అడిగాడు, అతను అలా జరగనివ్వనని ఒట్టేశాడు. హెబ్నర్ తనకి అసలు సంగతి మ్యాచ్‌కి కాస్త ముందే చెప్పారని తర్వాత చెప్పుకున్నాడు. బ్రెట్ జాగ్రత్తలు కూడా తీసుకున్నాడు: భుజాలు ఎక్కువసేపు నేలకి ఆనించకుండా, మూడు లెక్కపెట్టే అవకాశం ఇవ్వకుండా. అతను కాపలా కాసింది పిన్‌ఫాల్ వైపు. దెబ్బ వచ్చింది లొంగుబాటు వైపు. షార్ప్‌షూటర్ ఘట్టాన్ని మ్యాచ్‌లో పెడదామన్న సలహా మెక్‌మాన్ మనిషి ప్యాట్ ప్యాటర్సన్ నుంచి వచ్చింది. తనకి అసలు పథకం తెలియదని ప్యాటర్సన్ చివరిదాకా అన్నాడు.

కండరగండడు
పట్టు సంగతి నేను చెబుతా, ఇక్కడే జనం పొరబడతారు.

షార్ప్‌షూటర్ ఎలా వేస్తారు: అవతలివాడు వెల్లకిలా పడుకుని ఉండాలి. అతని రెండు కాళ్ళూ పట్టుకుని, వాటి మధ్యకి నీ ఒక కాలు దించాలి. అతని కాళ్ళని నీ కాలి చుట్టూ కత్తెర వేసి, చీలమండలని చంకలో బిగించాలి. అప్పుడు నీ రెండో కాలితో అతని ఒంటి మీదుగా అవతలికి దాటుతూ అతన్ని బోర్లా తిప్పాలి. తర్వాత గుంజీ తీస్తున్నట్టు కిందికి కూర్చోవాలి. బరువంతా అతని నడుము కింది భాగం మీద పడుతుంది.

ఇందులో సగం పని కిందపడ్డవాడిదే. కాలు ఏ వైపు మడవాలో అతనే మడుస్తాడు, తిరిగేటప్పుడు తుంటి అతనే ఎత్తుతాడు. వంద కిలోలు దాటిన మనిషి తుంటి బిగబట్టి, మోకాళ్ళు ఛాతీకి లాక్కుంటే ఎవడి తరమూ కాదు తిప్పడం. అంటే బ్రెట్ తన కాళ్ళు తనే అప్పగించాడు, తర్వాతి వంతు తనదని నమ్మి. ట్రంప్‌కార్డ్, నీ ప్రశ్నకి జవాబు ఇక్కడుంది. రాసుకున్నది గెలుపోటములు మాత్రమే కాదు. "ఇప్పుడు నా ఒళ్ళు నీ చేతిలో పెడుతున్నా, అనుకున్నదే చేస్తావు" అన్న మాట కూడా రాసుకున్నదే. పైల్‌డ్రైవర్‌లో మెడ, సూప్లెక్స్‌లో వెన్ను, అన్నీ ఆ మాట మీదే నడుస్తాయి.

గంటమోగింది
👆 ఈ పోస్టుని పిన్ చేయండి ఎవరైనా.

సగంజ్ఞాని
పిన్ చేస్తే బ్రెట్‌కి అనుమానం వస్తుంది.

గంటమోగింది
🤦

పింకూ_నలుపూ
ఆ తర్వాతి ఐదు నిమిషాలు టీవీలో సగమే వచ్చాయి. బ్రెట్ మెక్‌మాన్ మొహాన ఉమ్మేశాడు. షాన్ కోపం నటిస్తూ బెల్టు తీసుకుని పోయాడు, మెక్‌మాన్ మనిషి బ్రిస్కో, డీఎక్స్ ట్రిపుల్ హెచ్ పక్కన ఉండగా. హడావిడిగా ప్రసారం ఆగిపోయింది. హాల్లో ఉన్నవాళ్ళు మిగతాది చూశారు: బ్రెట్ గాల్లో వేలితో డబ్ల్యూ, సీ, డబ్ల్యూ అని మూడు అక్షరాలు రాయడం, రింగ్ పక్కన మానిటర్లు నేలకేసి కొట్టడం. హెబ్నర్ అప్పటికే బయట సిద్ధంగా ఉంచిన కారెక్కేశాడు. లోపల గదిలో బ్రెట్ మెక్‌మాన్‌ని ఒక్క గుద్దు గుద్దాడు. మెక్‌మాన్ కన్ను నల్లబడింది, ఆ గందరగోళంలో అతని చీలమండా దెబ్బతింది.

అప్పుడే బ్రెట్ మీద ఒక డాక్యుమెంటరీ తీస్తున్నారు, కాబట్టి ఆ రోజు మెక్‌మాన్‌తో బ్రెట్ మాట్లాడుకున్నది కూడా రికార్డయింది. గందరగోళం ముగింపుకి మెక్‌మాన్ ఒప్పుకున్నట్టు అందులో వినిపిస్తుంది.

అంతా_డ్రామా
ఇన్ని పోస్టులు చదివాక నా మాట: ఇదీ రాసుకున్నదే. బ్రెట్‌కీ తెలుసు. డాక్యుమెంటరీ కెమెరా సరిగ్గా ఆ రోజే ఉండటం యాదృచ్ఛికమా? మెక్‌మాన్ గదిలోకి వెళ్ళి దెబ్బ తినడం ఏంటి, పోలీసు కేసు లేకపోవడం ఏంటి? ఇద్దరూ బాగుపడ్డారు.

పింకూ_నలుపూ
బ్రెట్ బాగుపడ్డాడా? ఏం బాగుపడ్డాడు? తమ్ముడు ఓవెన్ అదే కంపెనీలో ఇరుక్కుపోయాడు, 1999 మే 23న కాన్సాస్ సిటీలో పైకప్పు నుంచి దింపే తాడు ఊడి చనిపోయాడు. బ్రెట్‌కి డబ్ల్యూసీడబ్ల్యూలో 1999 డిసెంబర్‌లో గోల్డ్‌బర్గ్ తన్ను తలకి తగిలి కెరీర్ అయిపోయింది. 2002లో పక్షవాతం. ఇదంతా స్క్రిప్టేనా?

అంతా_డ్రామా
తర్వాత జరిగినవి నేను స్క్రిప్టు అనలేదు. ఆ ఒక్క రాత్రి గురించే అన్నా.

మూడోతాడు
డాక్యుమెంటరీ బృందం నెలల తరబడి బ్రెట్ వెంటే తిరుగుతోంది, ఆ ఒక్క రోజు కోసం రాలేదు. ఇక రాసుకున్నదైతే లాకర్ గదికి కూడా చెప్పలేదన్నమాట. ఆటగాడు మిక్ ఫోలీ కోపంతో మర్నాడు ఒట్టావాలో కంపెనీ వారపు టీవీ షో రాకి రానేలేదు. మెక్‌మాన్‌ని బ్రెట్ దగ్గరికెళ్ళి మాట్లాడమని నిలదీసింది అండర్‌టేకర్. షాన్ తనకేమీ తెలియదని ఏళ్ల తరబడి బుకాయించి తర్వాత ఒప్పుకున్నాడు. రాసుకున్నదైతే ఇన్నేళ్ళు బుకాయించడం దేనికి?

అంతా_డ్రామా
మంచి నటుడు కాబట్టి.

గచ్చిబౌలి_గ్యాలరీ
గీనితోని గెలుసుడు కష్టం అన్నా, ఇడ్శిపెట్టు.

గంటమోగింది
టాపిక్‌కి వద్దాం. ఆ రాత్రి తర్వాత ఏం మారిందని అడిగితే అందరూ మెక్‌మాన్ విలన్ కావడం దగ్గరే ఆగిపోతారు. అది ఎలా జరిగిందో చూడండి.

అప్పటిదాకా టీవీలో మెక్‌మాన్ ఎక్కువగా కామెంటేటర్‌గానే కనిపించేవాడు. సర్వైవర్ సిరీస్ రాత్రి బల్ల దగ్గర జిమ్ రాస్, జెర్రీ లాలర్ ఉన్నారు, ఇతను రింగ్ పక్కకి నడిచి వచ్చాడు. వచ్చి గంట కొట్టమన్నాడు కాబట్టి, కంపెనీ యజమాని ఇతనేనని చూస్తున్న ప్రతి ఒక్కడికీ తెలిసిపోయింది. నవంబర్ 17 రా షోలో రాస్‌కి ఇంటర్వ్యూ ఇస్తూ, బ్రెట్‌ని ముంచింది బ్రెట్టే అన్నాడు. అది తనని సమర్థించుకోవడానికి చేసిన ఇంటర్వ్యూ. జనం మాత్రం దాన్ని విలన్ డైలాగులా తీసుకున్నారు. ఆ అసహ్యం అప్పటికే ఉచితంగా దొరికింది, కంపెనీ దాన్ని వాడుకుంది. ఎదురుగా స్టీవ్ ఆస్టిన్ లాంటి పనివాడు ఉండనే ఉన్నాడు. బాసుని కొట్టాలని లేని ఉద్యోగి ప్రపంచంలో ఎవడు?

1998 మార్చి 29న రెజిల్‌మేనియా 14లో, మైక్ టైసన్ రింగ్ పక్కన ఉండగా ఆస్టిన్ షాన్‌ని ఓడించి బెల్టు కొట్టాడు. ఏప్రిల్ 13న ఆస్టిన్ వర్సెస్ మెక్‌మాన్ అని ఊరించిన రా, 4.6 రేటింగుతో నైట్రో 4.3ని దాటింది. 1996 జూన్ తర్వాత అదే మొదటిసారి. 2001 మార్చిలో డబ్ల్యూసీడబ్ల్యూని మెక్‌మాన్ కొనేశాడు.

సగంజ్ఞాని
అంటే మాంట్రియల్ వల్లే గెలిచారా?

గంటమోగింది
"వల్లే" అనను. ఆస్టిన్ 1997 సెప్టెంబర్‌లోనే మెక్‌మాన్‌కి తన స్టన్నర్ దెబ్బ కొట్టాడు, టైసన్‌ని డబ్బిచ్చి తెచ్చుకున్నారు. మాంట్రియల్ లేకపోయినా ఆస్టిన్ ఎదిగేవాడు. కానీ ఎదురు విలన్‌గా ఇంత నమ్మబుద్ధయ్యేవాడు దొరికేవాడు కాదు.

కండరగండడు
ఒప్పుకుంటా. అవతలివాళ్ళు ఇదే సరుకుని ఎలా పాడుచేశారో కూడా చెప్పాలి. ప్రపంచంలో అందరూ జాలిపడుతున్న మనిషి డబ్ల్యూసీడబ్ల్యూ చేతికొచ్చాడు. 1997 డిసెంబర్ 28 స్టార్‌కేడ్‌లో ఏడాదికి పైగా పెంచుకొచ్చిన స్టింగ్, హోగన్ మ్యాచ్. ప్లాన్: రిఫరీ నిక్ ప్యాట్రిక్ హోగన్ కోసం గబగబా మూడు లెక్కపెట్టేయాలి, బ్రెట్ వచ్చి "నాకు జరిగింది ఇంకొకరికి జరగనివ్వను" అని గంట ఆపి, మ్యాచ్ మళ్ళీ మొదలెట్టాలి. రింగ్‌లో ఏం జరిగింది? ప్యాట్రిక్ మామూలు వేగంతోనే లెక్కపెట్టాడు. చూసేవాడికి స్టింగ్ సక్రమంగా ఓడిపోయాడు, బ్రెట్ వచ్చి పిచ్చివాడిలా గొడవ చేశాడు. మూడంకెలు లెక్కపెట్టే వేగం తప్పినందుకు ఏడాది కథ గోవిందా.

ఇంకో తమాషా: మళ్ళీ మొదలెట్టాక స్టింగ్ గెలిచింది స్కార్పియన్ డెత్‌లాక్‌తో. అంటే పేరు మార్చిన షార్ప్‌షూటరే. రిఫరీ బ్రెట్.

ట్రంప్‌కార్డ్_97
😂😂 నిజమా?

కండరగండడు
వీడియో ఉంది, చూసుకో. ఆ లెక్క ఎందుకు అలా జరిగిందన్న దాని మీద మాత్రం ఒకరి మీద ఒకరు చెప్పుకుంటారు.

మూడోతాడు
చాలామందికి తెలియని సంగతి: ఇది మొదటిది కాదు. 1925 ఏప్రిల్ 15న ఫిలడెల్ఫియాలో వేన్ మున్ అనే చాంపియన్‌కి ఓడతానని మాటిచ్చి, స్టానిస్లావ్ జిబిష్కో నిజంగా కుస్తీ పట్టి బెల్టు లాగేసుకున్నాడు. మున్‌కి అసలు కుస్తీ రాదు, ఫుట్‌బాల్ ఆటగాడు. 1931 మేలో ఎడ్ 'స్ట్రాంగ్లర్' లూయిస్, ఆన్రీ దగ్లాన్ మ్యాచ్. లూయిస్ కొరికాడని చెప్పి అతన్ని డిస్‌క్వాలిఫై చేశారు. దగ్లాన్ తన చేతిని తనే కొరుక్కున్నాడని కథ. ఆ మ్యాచ్ ఏ ఊళ్ళో అనుకున్నారు? మాంట్రియల్.

1985 నవంబర్‌లో మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో మహిళల చాంపియన్ వెండీ రిక్టర్‌ని ముసుగు వేసుకొచ్చిన మూలా గబుక్కున పిన్ చేసి బెల్టు తీసుకుంది. రిక్టర్ భుజం లేపినా రిఫరీ ఆపలేదు. అదీ మెక్‌మాన్ కంపెనీయే. 1925లో, 31లో జనానికి లోపలి సంగతి తెలియదు. 1997లో ఇంటర్నెట్ ఉంది, అందుకే ఇది ఆగలేదు.

గచ్చిబౌలి_గ్యాలరీ
మాంట్రియల్ నీళ్ళల్లనే ఏదో ఉన్నది.

2023 సెప్టెంబర్ 8న మన గచ్చిబౌలి స్టేడియంల డబ్ల్యూడబ్ల్యూఈ షో అయింది యాదికుందా? రియా రిప్లీతోని కొట్లాడిన నటాల్యా ఎవరనుకున్నరు, మాంట్రియల్ రాత్రి బ్రెట్ దిక్కు దూకుదామని ఉన్న జిమ్ నైడ్‌హార్ట్ బిడ్డ, బ్రెట్‌కి మేనకోడలు. షార్ప్‌షూటర్ ఆమెకి ఇంటి సొత్తు. పక్కపొంటి చాలమంది సెల్ఫీలల్ల ఉన్నరు, గది వేరే ముచ్చట.

సగంజ్ఞాని
సీనా వచ్చాక ఇంక ఎవరు చూస్తారు మేనకోడల్ని.

పింకూ_నలుపూ
కంపెనీ దీన్ని ఎన్నిసార్లు అమ్ముకుందో కూడా లెక్కేయండి. ఏడాది తిరిగేసరికి 1998 సర్వైవర్ సిరీస్‌లో రాక్ షార్ప్‌షూటర్ వేశాడు, మ్యాన్‌కైండ్ లొంగలేదు, మెక్‌మాన్ గంట కొట్టించాడు. 2009లో మళ్ళీ మాంట్రియల్‌లోనే అండర్‌టేకర్, సీఎం పంక్ మధ్య అదే. ఒకసారి కత్తి, తర్వాత అట్టకత్తి. ఇప్పుడు రిఫరీ ఎవరికైనా తొందరగా గంట కొట్టిస్తే జనం ఆవలిస్తారు.

గంటమోగింది
ఆవలిస్తారు, కానీ చూస్తారు. అంతకన్నా పెద్ద మార్పు ఇది: ఆ రాత్రి తర్వాత ప్రేక్షకుడు మ్యాచ్‌ని కాకుండా మ్యాచ్ వెనక కాంట్రాక్టుని చూడటం మొదలెట్టాడు. ఎవడి ఒప్పందం ఎప్పుడు అయిపోతుంది, ఎవడు ఎవడికి ఓడనన్నాడు. కంపెనీలు కూడా కథలు అలాగే రాస్తున్నాయి. అది మంచికో చెడుకో గానీ, "ఇది నిజమా, ఆటా?" అన్న సందేహమే టికెట్టు అమ్ముతోంది.

కండరగండడు
నాకైతే చెడుకే. ప్రతి గొడవా "నిజం" అనిపించాలని చూస్తే, మామూలు మంచి మ్యాచ్‌కి విలువ పోతుంది. బ్రెట్ గొప్పతనమే అది, ఒక్క గొడవ లేకుండా హెడ్‌లాక్‌తో అరగంట కూర్చోబెట్టేవాడు.

ట్రంప్‌కార్డ్_97
సరే, సినిమా పోలిక వెనక్కి తీసుకుంటున్నా. బ్రెట్, షాన్ కలిశారా చివరికి? వీడియోలో ఏం గమనించాలో కూడా చెప్పండి, ఈసారి సరిగ్గా చూస్తా.

మూడోతాడు
కలిశారు. 2010 జనవరి 4 రా షోలో బ్రెట్, షాన్ రింగ్ మధ్యలో చెయ్యి కలిపి వాటేసుకున్నారు. ఆ మార్చిలో రెజిల్‌మేనియా 26లో బ్రెట్ మెక్‌మాన్‌ని షార్ప్‌షూటర్‌తో లొంగదీశాడు. మ్యాచ్‌గా చూస్తే దరిద్రం.

వీడియోలో మూడు చూడు. ఒకటి, పడిపోయిన హెబ్నర్ ఎంత తొందరగా లేచాడో. రెండు, పట్టు పడ్డాక అతను బ్రెట్ మొహం వైపు చూసి "లొంగుతావా" అని అడిగాడా, లేక నేరుగా గంట వైపు తిరిగాడా. మూడు, గంట మోగే సమయానికి బ్రెట్ చెయ్యి ఎక్కడుందో: షాన్ కాలి దగ్గర. ముందు చెప్పుకున్న ప్రకారం పట్టు తిప్పికొట్టే పని మొదలెట్టేశాడు, షాన్ తూలి పడ్డాడు కూడా.

అంతా_డ్రామా
నాలుగోది, షాన్ మొహం చూడు. ఆస్కార్.

పింకూ_నలుపూ
అది మాత్రం ఒప్పుకుంటా.